సముద్రగర్భ పరిశోధనాలయములు – మన తీరపు వింతనీరు

గడచిన వేసవి సెలవులకు ముందు తొమ్మిదవ తరగతి బాలుడొకడు ఒక కల్పితకథను చదివి నాయొద్దకు వచ్చెను. ఆ కథలో వేఱొక గ్రహముయొక్క సముద్రమున, నీటియడుగున, ఇనుముతోను గాజుతోను కట్టిన పరిశోధనాలయమొకటి యున్నదట. అందు శాస్త్రజ్ఞులు నెలలతరబడి నివసించుచు, భూమిమీద నెచ్చటను లేని వింతనీటిని పరీక్షింతురట. "మాస్టారూ, ఇట్టిది నిజముగా నుండునా? ఉన్నచో మన సముద్రములో నేల లేదు?" అని వాడడిగెను. మొదటి ప్రశ్నకు అప్పుడే యుత్తరము చెప్పితిని. రెండవదానికి చెప్పుటకు నాకు కొంతకాలము పట్టినది.

నీటియడుగున ఇల్లు ఎట్లు నిలుచునో మొదట తెలిసికొనవలెను. గంగాళము నిండ నీరు పోసి, ఒక గాజుగ్లాసును బోర్లించి నిటారుగ నీటిలోనికి అదుముడు. గ్లాసులోని గాలి నీటిని లోనికి రానీయదు. గ్లాసు అడుగున ముందుగా ఒక కాగితపుటుండను ఇరికించి యుంచినచో అది తడియదు. సముద్రగర్భమున కట్టిన ఇండ్లు పెక్కింటికి ఆధారమిదియే. ఇంటి నేలలో ద్వారము తెఱచియే యుండును. దానికి తలుపుతో పని లేదు. లోనిగాలిని బయటినీటి ఒత్తిడికి సమానముగ నింపి యుంచుటచేత నీరు ద్వారము దాటి పైకి రాదు. లోపల నున్నవాడు చెఱువుగట్టున కూర్చున్నట్లు ఆ ద్వారపుటంచున కూర్చుండి, కాళ్లు జాపి, సముద్రములోనికి జారిపోవచ్చును.

అయితే ఆ గాలికి వెల యున్నది. నీటిలో పది మీటర్లు దిగినకొలది మనపైనున్న వాయుమండలమంత ఒత్తిడి అదనముగ కలియును. ఇరువది మీటర్ల లోతున నున్నవాడు నేలమీది గాలికి మూడింతల ఒత్తిడిగల గాలిని పీల్చవలెను. ఆ గాలిలోని నత్రజని వాని రక్తమాంసములలో కరగి చేరును. గోళీసోడాను గుర్తుతెచ్చుకొనుడు. గోళీ బిగిసియున్నంతసేపు సీసాలోని నీరు నిశ్చలముగ నుండును. గోళీని నొక్కినతోడనే బుడగలు పొంగును. లోతునుండి తొందరపడి పైకి వచ్చినవాని రక్తమునకును ఇదే గతి పట్టును. కీళ్లు పట్టివేయును, ఒక్కొక్కప్పుడు ప్రాణమే పోవును. అందుచేత మెల్లమెల్లగ ఒత్తిడి తగ్గించుకొనుచు పైకి రావలెను.

ఇచ్చట నొక చమత్కారమున్నది. సుమారొక దినము లోతున నుండునప్పటికి దేహము పట్టగలిగినంత నత్రజనిని పట్టివేయును. ఆపైన ఎక్కువ చేరదు. కాబట్టి ఒకదినమున్నను, ఒక నెల యున్నను, పైకి వచ్చుటకు పట్టు కాలమొక్కటియే. దినదినము దిగి ఎక్కి కాలము పోగొట్టుకొనుటకంటె అచ్చటనే కాపురముండి పని ముగించుకొని ఒక్కమాఱు పైకి వచ్చుట లాభము. సముద్రగర్భమున ఇల్లు కట్టవలెనను ఆలోచనకు మూలము ఈ లెక్కయే గాని కేవలము సాహసము కాదు.

1962లో ఫ్రాన్సు దేశీయుడగు కూస్తో అను నావికుని పూనికతో మార్సెయి తీరమున 10 మీటర్ల లోతున పీపాయివంటి ఇల్లొకటి దింపబడెను. అందు ఫాల్కో, వెస్లీ అను నిద్దఱు ఒక వారము నివసించిరి. మఱుసటి యేట ఎఱ్ఱసముద్రమున సుడాను తీరముచెంత ఒక నెల కాపురము సాగెను. 1969లో కరీబియను సముద్రమునందలి వర్జిన్ దీవులలో నలుగురు అమెరికా శాస్త్రజ్ఞులు టెక్టైట్ అను నిలయమున సుమారు రెండునెలలు గడపిరి. 1970లో సిల్వియా ఎర్ల్ అను విదుషి నాయకత్వమున ఐదుగురు స్త్రీలు అచ్చటనే రెండువారములుండి పరిశోధన చేసిరి. మన బాలికలు దీనిని గమనింతురుగాక. అటుపిమ్మట ఫ్లారిడా తీరమున పగడపుదిబ్బలచెంత, సుమారు 19 మీటర్ల లోతున, అక్వేరియస్ అను నిలయము ఏర్పడెను. అందుండి పైకి రాదలచినవారు సుమారు 17 గంటలు ఒత్తిడి తగ్గించుకొనుచు లోపలనే వేచియుండవలెను. 2001 మొదలుకొని అమెరికా అంతరిక్షసంస్థ తన వ్యోమగాములను శిక్షణకై అచ్చటికి పలుమాఱులు పంపినది. ఇష్టము వచ్చినప్పుడు ఇంటికి పోవుటకు వీలులేని ఇరుకుచోట, పొరపాటు ప్రాణాంతకమగు చోట, పదిమంది కలిసి పనిచేయుట ఎట్లో అచ్చట నేర్తురు.

ఇక వేఱొక లోకపు నీటిమాట. అదియు కేవలము కట్టుకథ కాదు. గురుగ్రహమునకు యూరోపా అను చంద్రుడొకడు కలడు. 1610లో గెలీలియో తన దుర్భిణితో కనుగొన్న నలుగురిలో నొకడు. దానిపై మంచుపెంకు, పెంకుక్రింద ఉప్పునీటి సముద్రము కలదని శాస్త్రజ్ఞులు బలముగ నమ్ముచున్నారు. దానిని సమీపమునుండి పరీక్షించుటకు 2024 అక్టోబరులో ఒక నౌక బయలుదేఱెను. అది 2030లో చేరవలసియున్నది. శనిగ్రహపు చంద్రుడగు ఎన్సెలాడస్‌నుండి నీటియావిరియు మంచుపొడియు ఊటవలె చిమ్ముచుండుట 2005లో కాసిని నౌక చూచినది. అచ్చట జీవమున్నదో లేదో యెవ్వరును చూడలేదు. అట్టి చీకటినీటిలో జీవముండవచ్చునను ఆశకు మన భూమియే కారణము. 1977 ఫిబ్రవరిలో పసిఫిక్ సముద్రమున గాలపాగోస్ దీవులచెంత, సుమారు 2,500 మీటర్ల లోతున, ఆల్విన్ అను చిన్న జలాంతర్నౌకలో దిగినవారు వేడినీటి ఊటలను, వానిచుట్టు గుంపులుగ బ్రతుకు ప్రాణులను చూచిరి. ఆ ప్రాణుల ఆహారమునకు మూలము సూర్యకాంతి కాదు. నేలలోనుండి వచ్చు గంధకపు వాయువుతో జీవించు సూక్ష్మజీవులు.

అదే 1977లో, నవంబరు 19వ తేదీన, మన సముద్రము దివిసీమమీదికి లేచెను. సర్కారు లెక్కప్రకారమే సుమారు పదివేలమంది చనిపోయిరి. నేనప్పటికి పుట్టలేదు. మా తండ్రిగారు ఆ రాత్రిని గుఱించి చెప్పునప్పుడు గాలిచప్పుడును మాత్రమే చెప్పి ఊరకుండెడివారు. ఒకే సంవత్సరమున మనుష్యుడు పసిఫిక్ సముద్రపు చీకటియడుగును చూడగలిగెను. మన వాకిట నున్న సముద్రపు పైపొరలో ఎంత వేడి దాగియున్నదో తెలిసికొనలేకపోయెను. ఆ బాలుని రెండవ ప్రశ్నకు నే నాలోచించిన దారి ఇదియే. వింతనీటికై వేఱొక గ్రహమునకు పోనక్కఱలేదు. పర్చూరునుండి చీరాలమీదుగ వాడరేవునకు పోయిన చాలును.

బంగాళాఖాతపు వింత యేమి? అది సముద్రమయ్యును పూర్తిగ సముద్రము కాదు. లోకమందలి సముద్రజలమున సగటున కిలోగ్రామునకు 35 గ్రాముల ఉప్పుండును. మనదేశపు పడమటి ప్రక్కనున్న అరేబియా సముద్రమున అంతకంటె కొంచెము హెచ్చు. బంగాళాఖాతములోనికి మాత్రము గంగ, బ్రహ్మపుత్ర, ఐరావతి, మహానది, గోదావరి, కృష్ణ మొదలగు నదులన్నియు వచ్చి పడును. పైనుండి కురియు వాన, ఆవిరియై పోవు నీటికంటె ఎక్కువ. అందుచేత నైరృతి ఋతుపవనములు ముగియునప్పటికి ఉత్తర బంగాళాఖాతమున తీరజలపు ఉప్పు కిలోగ్రామునకు పది గ్రాములకు మించి తగ్గిపోవును. ఈ పలుచనినీరు క్రిందనున్న ఉప్పునీటితో వెంటనే కలియదు. దానిమీద తేలుచుండును.

ఎట్లు తేలునో తరగతిలోనే చూడవచ్చును. చినగంజాము ఉప్పు రెండు పెద్దచెంచాలు అరగ్లాసు నీటిలో కరగించి, రెండుబొట్లు ఎఱ్ఱసిరా వేయుడు. దానిమీద ఒక బెండుముక్కను తేలనిచ్చి, ఆ బెండుపై చెంచాతో మంచినీటిని మెల్లగ జారవిడువుడు. ఎఱ్ఱనీరు అడుగునను తెల్లనీరు పైనను గీటుగీసినట్లు నిలుచును. ఇప్పుడు పైన నోటితో ఊదుడు. పైనీరు కదలును, ఎఱ్ఱనీరు కదలదు. ఉప్పులేని ఎఱ్ఱనీటితో ఇదే పని చేసినచో రెండును కొంతసేపటికే కలిసిపోవును. మా తరగతిలో మొదటిమాఱు చెంచా వడకి అంతయు గులాబిరంగైపోయినది. రెండవమాఱు సాయంకాలపు గంట మ్రోగువఱకు గీటు చెడలేదు.

మీరు ఊదిన గాలియే సముద్రముమీది గాలి. అరేబియా సముద్రమున గాలి బలముగ వీచినప్పుడు క్రిందిచల్లనినీరు పైకి వచ్చి కలియును. బంగాళాఖాతమున తేలికనీటి పొర అందులకు అడ్డుపడును. ఆ పొర కొన్నిచోట్ల పది, ఇరువది మీటర్లకు మించదు; కాని మూతవలె పనిచేయును. సూర్యుని వేడి పైపొరలోనే నిలిచిపోవును. ఉత్తర బంగాళాఖాతమున చలికాలమందు మఱియొక విడ్డూరము జరుగును. పైనీరు చల్లబడినను, ఉప్పు తక్కువయై తేలికగ నుండుటచేత మునుగదు. దాని క్రిందినీరు పైనీటికంటె వెచ్చగ నుండును. చెఱువులో మునిగినకొలది చల్లగ నుండునని యెఱిగిన మనకిది తలక్రిందుల సంగతి. ఇంకను లోతునకు, సుమారు నూఱు మీటర్లనుండి కొన్నివందల మీటర్లవఱకు, ప్రాణవాయువు దాదాపు లేని పొరయున్నది. చేపలు పెక్కులు అచ్చట బ్రతుకలేవు.

తుపానుకు ఆహారము సముద్రపు వేడి. సాధారణముగ తుపాను తన్నుతానే కొంత బలహీనపఱచుకొనును. దాని గాలి సముద్రమును చిలికి క్రిందిచల్లనినీటిని పైకి తెచ్చును. పొయ్యిలో నీరు పోసినట్లగును. వానకాలమునకు ముందు, అనగా ఏప్రిలు, మే నెలలలో, బంగాళాఖాతమునందును ఇట్లే జరుగును. కాని వానకాలము ముగిసి నదుల నీరంతయు చేరినపిదప వచ్చు తుపానులు సముద్రమును అంతగ చల్లార్చలేవు. ముందటి కాలపు చల్లదనములో సుమారు మూడవవంతే కలుగునని లెక్కించినారు. పైపొర క్రింద నున్న నీరు చల్లనిది కాకపోవుటయు, కలియుటకు ఒప్పకపోవుటయు ఇందులకు కారణములు. అక్టోబరు, నవంబరు, డిసెంబరు నెలలనగా మనకు ప్రత్తి పగులు కాలము, మిరప పూతపిందెల కాలము.

2023 డిసెంబరు 5వ తేదీన మిచాంగ్ తుపాను బాపట్లకు సమీపముననే తీరము దాటెను. ముందుగనే హెచ్చరిక యందుటచేత మన తీరమున ప్రాణనష్టము స్వల్పము. 1977నాటి మాటతో పోల్చదగినది కాదు. కాని పొలముల సంగతి వేఱు. రేగడినేలలో నీరు నిలిచినచో మిరపమొక్క కొలదిదినములకే వ్రేళ్లు కుళ్లి వాడిపోవును. మా యింటివెనుక చేనిలో నిలిచిన మొక్కలు వారము తిరుగకమునుపే తలలు వాల్చెను. ఆ రైతు తన కుమారుని హాస్టలు రుసుమును రెండు విడతలుగ కట్టుకొనుటకు అనుమతి కోరవచ్చినప్పుడు ఆ అర్జీని వ్రాసిపెట్టినవాడను నేనే. తుపాను ఏ దారిన వచ్చునో చెప్పుటయందు శాస్త్రజ్ఞులు నేడు మిక్కిలి నేర్పు సంపాదించినారు. ఎంత బలముతో వచ్చునో చెప్పుట ఇంకను కష్టము. ఆ బలమునకు సంబంధించిన లెక్కలో సగము గాలిలో నున్నచో తక్కిన సగము నీటిలో నున్నది. అందుచేత ఈ నీటిని ఎఱుగుట మనకు వినోదము కాదు.

మఱి దీనిని ఎట్లు పరీక్షించుచున్నారు? కథలోని గాజుమేడ వంటిది మన తీరమున లేదు. నా యభిప్రాయమున, కట్టినను అంతగ ఉపకరింపదు. అక్వేరియస్ నిలయము తేటనీటిలో, పగడములమధ్య నున్నది. చుట్టునున్న దానిని కంటితో చూచుట దాని పని. మన తీరపు నీరు నదుల ఒండ్రుచేత మసకగ నుండును. అదిగాక మన ప్రశ్న వేయిమైళ్ల వెడల్పుగలది. ఒకచోట కూర్చున్నవాడు తన పెరటిని మాత్రమే చూచును.

1952లో లఫాండ్ అను అమెరికా శాస్త్రజ్ఞుడు వాల్తేరులోని ఆంధ్ర విశ్వకళాపరిషత్తునకు వచ్చి, అచ్చటి అధ్యాపకులతోను విద్యార్థులతోను కలిసి మన తీరసముద్రమును కొలుచుట కారంభించెను. తీరమునకు దూరముగ సముద్రపు టడుగున లోయలుండుట వారు కనుగొనిరి. వానికి ఆంధ్ర, మహాదేవన్, కృష్ణ అని పేరులు పెట్టిరి. మొదటిది విశ్వవిద్యాలయము పేరు, రెండవది భూగర్భశాస్త్రాచార్యుని పేరు, మూడవది నదిపేరు కాదు, ఉపాధ్యక్షుడగు వి.యస్. కృష్ణగారి పేరు. 2006లో జాయిడెస్ రిసొల్యూషన్ అను త్రవ్వకపు ఓడ కృష్ణాగోదావరుల ముఖద్వారములకు ఎదుట, లోతైన సముద్రపు టడుగునేలను తొలిచినప్పుడు మఱియొక వింత బయటపడినది. అచ్చట నీరు మంచువలె గడ్డకట్టి మండు వాయువును తనలో బంధించి యున్నది. ఒకచోట ఆ నిక్షేపము సుమారు 130 మీటర్ల మందమున్నది. ఆ గడ్డను పైకి తెచ్చి నిప్పంటించినచో మంచు మండును.

ఇప్పుడు మనుష్యులు లేని పరిశోధనాలయములే సముద్రమంతట తిరుగుచున్నవి. ఆర్గో అను తేలుగొట్టములు లోకమున సుమారు నాలుగువేలున్నవి. చేప తన గాలితిత్తిని పెంచి తగ్గించి తేలి మునుగునట్లు, ఈ గొట్టము తనలోని నూనెను ఒక తిత్తిలోనికి పంపి తేలును, వెనుకకు లాగి మునుగును. వేయి మీటర్ల లోతున తొమ్మిదిదినములు కొట్టుకొనిపోయి, రెండువేల మీటర్లకు దిగి, అచ్చటినుండి పైకి వచ్చుచు ప్రతి మెట్టున వేడిని, ఉప్పును కొలిచి, ఆ లెక్కను ఉపగ్రహమునకు చెప్పి, మరల మునుగును. మన సముద్రపు లెక్కలు హైదరాబాదులోని భారత సముద్ర సమాచార కేంద్రమునకు చేరును. అది 1999లో స్థాపింపబడెను. సముద్రము లేని ఊరిలో సముద్రపు కచ్చేరి యేమని కొందఱు నవ్వుదురు. లెక్కలకు అలలతో పని లేదు గదా.

మనుష్యులు దిగు ప్రయత్నమును మనదేశమున జరుగుచున్నది. చెన్నపట్టణమునందలి జాతీయ సముద్ర సాంకేతిక సంస్థవారు మత్స్య 6000 అను జలాంతర్నౌకను సిద్ధపఱచుచున్నారు. టైటానియము గోళములో ముగ్గురు కూర్చుండి 6,000 మీటర్ల లోతునకు దిగవలెనని ఉద్దేశము. అచ్చట ఒత్తిడి వాయుమండలమునకు సుమారు ఆఱువందల ఇంతలు. ఇందులో లోనిగాలి మనము పీల్చు మామూలు గాలియే. గోడయే ఒత్తిడినంతయు భరించును. కాబట్టి గోళీసోడా భయము లేదు. 2025 ఆరంభమున కాట్టుపల్లి రేవులో దానిని నీట దింపి పరీక్షించిరి.

వీనియన్నిటిలో నాకు మిక్కిలి ప్రియమైన పరిశోధన మఱియొకటి యున్నది. అందులో ఓడ లేదు, గోళము లేదు. 2005 మే నెల మొదలుకొని గోవాలోని జాతీయ సముద్రశాస్త్ర సంస్థవారు తీరమున ఎనిమిదిచోట్ల జాలరులచేత, ఐదుదినముల కొకసారి, మోకాలిలోతు నీటిలో నిలిచి సీసాలు నింపించిరి. ఆ సీసాలలోని ఉప్పును కొలిచి చూడగా, వానకాలము చివర ఉత్తరమున బయలుదేఱిన తీయనినీరు సుమారు నూఱు కిలోమీటర్ల వెడల్పున మన తూర్పుతీరమును ఒరసికొనుచు దక్షిణమునకు ప్రవహించి, రెండున్నర నెలలలో దేశపు కొనను చేరుచున్నదని తేలినది. 2014లో దీనిని ప్రకటించినప్పుడు దానికి 'సముద్రములోని నది' అని పేరు పెట్టిరి. కార్తికమాసమున వాడరేవులో మోకాలిలోతున నిలిచినవాని కాళ్లను తడుపు నీటిలో, అస్సాములో శ్రావణమాసమున కురిసిన వానయు కొంత యుండును.

ఈ సంగతి చెప్పగనే, కథ చదివిన ఆ బాలుడు గాజుమేడను మఱచి సీసాలు వెదకసాగెను. తొమ్మిదవ తరగతివారు జూలై మొదలుకొని నెలకొకసారి వాడరేవునకు పోయి ఒక లీటరు నీరు తెచ్చుచున్నారు. గుడ్డతో వడగట్టి, మట్టిమూకుడులో మెల్లగ కాచి ఇగిర్చి, మిగిలిన ఉప్పును ప్రయోగశాలలోని త్రాసున తూచి, తేదీవేసి గోడమీది కాగితమున గుర్తు పెట్టుచున్నారు. మొదటి నెల లెక్క తప్పినది. వడగట్టుట మఱచుటచేత ఉప్పుతో పాటు ఇసుకను కూడ తూచిరి. ఆ గుర్తును కొట్టివేయవద్దని, ప్రక్కన కారణము వ్రాయుమని చెప్పితిని. డిసెంబరు సీసా రాగానే ఆఱు గుర్తులగును. తలిదండ్రులలో ఎవరైన పనిమీద చినగంజాము, నిజాంపట్నము వైపు పోవువారు శుభ్రమైన సీసాలో నీరు తెచ్చి, చోటును తేదీని చీటీపై వ్రాసి యిచ్చినచో తరగతివారు సంతోషముతో పుచ్చుకొందురు.